రెండు రోజుల్లో ఎంక్వైరీ ముగించమంటున్నారు, ఐసీసీ మెంబరుగా నేనేం చేయాలి?

కామర్స్ మేడమ్ | గురువారం రాత్రి 9:50

అందరికీ నమస్కారం. విజయవాడకీ గుంటూరుకీ మధ్య ఒక ప్రైవేటు డిగ్రీ, పీజీ కాలేజీలో లెక్చరర్‌ని. కాలేజీ పేరు అడగొద్దు, చెప్పను. లైంగిక వేధింపుల ఫిర్యాదులు విచారించాల్సిన అంతర్గత కమిటీ, అదే ఐసీసీ, మా దగ్గర అంటే మెయిన్ గేటు పక్కన ఒక ఫ్లెక్సీ బోర్డు. దాని మీద పేర్లు, ఫోన్ నంబర్లు. అందులో ఒకాయన రిటైరయ్యారు, ఒకావిడ హైదరాబాద్ వెళ్లిపోయారు. మీటింగులు జరిగినట్టు మినిట్స్ మాత్రం ఫైల్లో శుభ్రంగా ఉన్నాయి, కాలేజీలకి గ్రేడు ఇచ్చే నాక్ వాళ్లకి చూపించడానికి. ఖాళీ అయిన చోట నా పేరు ఎప్పుడు ఎక్కించారో నాకే తెలియదు.

నిన్న ఒక విద్యార్థిని రాతపూర్వకంగా కంప్లైంట్ ఇచ్చింది, సీనియర్ విద్యార్థి మీద. అంతకుమించి వివరాలు రాయను. ఈరోజు మధ్యాహ్నం ప్రిన్సిపాల్ గారు పిలిచి, "సోమవారం నాక్ టీమ్ వస్తోందమ్మా, శనివారం సాయంత్రానికల్లా ఈ గొడవ తేల్చెయ్యండి. అబ్బాయి పేరెంట్స్‌ని పిలిపించి, అపాలజీ లెటర్ రాయించుకుని, టీసీ చేతిలో పెట్టి పంపించేద్దాం" అన్నారు. ఆ అమ్మాయి వైపు నుంచి చూస్తే ఇంత త్వరగా తేలడం మంచిదే కదా అనిపిస్తోంది. కానీ తన మీద ఏం రాశారో ఆ అబ్బాయికి ఇంకా తెలియదు. రిపోర్టు కింద సంతకం పెట్టాల్సిన వాళ్లలో నేనూ ఉన్నాను. తెలిసినవాళ్లు చెప్పండి.

గుంటూరు ఘాటు | 10:04

ఇందులో ఆలోచించడానికేముంది మేడమ్? మీ ప్రిన్సిపాల్ జన్మకో మంచి పని చేస్తానంటున్నాడు, చెయ్యనివ్వండి. పేరు బయటికొస్తుందని తెలిసి కూడా కాగితం మీద రాసిచ్చిందంటే ఆ పిల్ల ఎంత విసిగి ఉండాలి? విచారణలు, వాయిదాలు అంటూ తిప్పితే చివరికి తనే "వద్దులే సార్" అని వెనక్కి తీసుకుంటుంది. వాళ్లకి కావాల్సింది కూడా అదే.

పటమట కుర్రాడు | 10:11

ఏ కాలేజీ మేడమ్? ఒక్క హింట్ ఇవ్వండి. హైవే పక్కనేనా?

మోడరేటర్ | 10:20

కాలేజీ ఏది, బ్రాంచ్ ఏది, ఎవరు అని అడిగే పోస్టులు ఇకపై తీసేస్తాను. ఈ ఒక్కటి ఉదాహరణ కోసం ఉంచుతున్నాను.

బ్రాడీపేట లాయరు | 10:48

మేడమ్, వివరాలు రాయకపోవడం మంచిదైంది. పనిచోట మహిళలపై లైంగిక వేధింపుల మీద వచ్చిన 2013 చట్టంలో సెక్షన్ 16 ప్రకారం ఫిర్యాదు చేసినవాళ్ల పేరు, ఎదుటివాళ్ల పేరు, సాక్షుల పేర్లు, విచారణలో ఏం జరిగింది, ఏదీ బయటపెట్టకూడదు. పటమట బాబు గమనించాలి.

ఇక అసలు విషయం. మీది డిగ్రీ, పీజీ కాలేజీ కాబట్టి మీకు వర్తించేది యూనివర్సిటీ గ్రాంట్స్ కమిషన్, అంటే యూజీసీ నిబంధనలు. పేరులో 2015 అని ఉంటుంది, గెజిట్‌లో వచ్చింది 2016 మే 2న. ఇంజనీరింగ్ కాలేజీ అయితే ఏఐసీటీఈ వాళ్లవి 2016లో వచ్చినవి విడిగా ఉన్నాయి. యూజీసీ నిబంధనల ప్రకారం ఫిర్యాదు అందిన 7 రోజుల్లో దాని కాపీ అబ్బాయికి ఇవ్వాలి. అతను 10 రోజుల్లో జవాబు, తన దగ్గరున్న కాగితాలు, తన సాక్షుల పేర్లు ఇవ్వాలి. మొత్తం విచారణ 90 రోజుల్లో అయిపోవాలి. అయ్యాక 10 రోజుల్లో రిపోర్టు, దాని కాపీ ఇద్దరికీ. కాలేజీ యాజమాన్యం 30 రోజుల్లో చర్య తీసుకోవాలి, ఆ చర్య తీసుకునే ముందు మళ్లీ 10 రోజుల గడువుతో షోకాజ్ నోటీసు ఇవ్వాలి. మీ ప్రిన్సిపాల్ గారు ఇదంతా రెండు రోజుల్లోకి కుదించేశారు.

టీసీ ఇచ్చి పంపించడం అంటే పెద్ద శిక్ష. కాలేజీ నుంచి బహిష్కరించడమే అది. కంప్లైంట్ కాపీ ఇవ్వకుండా, అతని మాట వినకుండా ఆ శిక్ష వేస్తే అతను నేరుగా నేలపాడు వెళ్తాడు, రిట్ వేస్తాడు. అక్కడ హైకోర్టులో మొదట అడిగే ప్రశ్న "ఇతను తప్పు చేశాడా" అని కాదు, "ఇతనికి నోటీసు ఇచ్చారా" అని.

గోవా యూనివర్సిటీ కేసు చూడండి. 2009లో ఒక విభాగాధిపతి మీద విద్యార్థినులు ఫిర్యాదు చేశారు. కమిటీ ఏప్రిల్, మే నెలల్లో వరసబెట్టి మీటింగులు పెట్టింది. ఆయన ఒంట్లో బాగాలేదని గడువు అడిగితే ఇక కుదరదని, ఆయన లేకుండానే ముగించేసింది. 2010లో ఉద్యోగం తీసేశారు, బొంబాయి హైకోర్టు కూడా సరేనంది. తీరా 2023 మే 12న సుప్రీంకోర్టు ఆ ఉత్తర్వు కొట్టేసి, ఫైలు మళ్లీ కమిటీకే పంపింది. తీర్పు రాసింది జస్టిస్ హిమా కోహ్లి, అంతకుముందు తెలంగాణ హైకోర్టు చీఫ్ జస్టిస్‌గా చేసినావిడ. ఆడవాళ్లకి న్యాయం చేయాలన్న ఆత్రంలో కమిటీ వాళ్లకే ఎక్కువ నష్టం చేసిందని ఆవిడే రాశారు. 2009లో ఫిర్యాదు చేసిన ఆ అమ్మాయిలు 14 ఏళ్ల తర్వాత ఎక్కడెక్కడ ఉండి ఉంటారో, మళ్లీ వచ్చి చెప్పమంటే వాళ్లకి ఎలా ఉంటుందో ఊహించండి.

గుంటూరు ఘాటు | 11:02

లాయరు గారూ, 90 రోజులంటే సెమిస్టర్ అయిపోతుంది. ఈలోగా ఆ అమ్మాయి రోజూ అదే క్యాంటీన్‌లో, అదే లైబ్రరీలో వాడి మొహం చూడాలా? మీ పద్ధతులన్నీ పుస్తకంలో బాగుంటాయి.

రిటైర్డ్ రీడర్ | 11:25

ఈ ప్రశ్న న్యాయమైనదే బాబూ. అందుకే మధ్యంతర రక్షణ అని పెట్టారు. మా కాలేజీలో కొన్నేళ్లు ఈ కమిటీకి ప్రిసైడింగ్ ఆఫీసరుగా చేశాను, కాబట్టి కాస్త వివరంగా చెబుతాను.

కామర్స్ మేడమ్, మీకు నిజంగా తొందర చేయాల్సిన పని ఒకటుంది. రేపు పొద్దున్నే ఆ అమ్మాయితో మాట్లాడి, ఏం ఏర్పాట్లు కావాలో రాతలో తీసుకోండి. అవతలి అబ్బాయి ఆమె దరిదాపుల్లోకి రాకూడదని, ఫోన్లో గానీ స్నేహితుల ద్వారా గానీ మాట్లాడకూడదని రాతపూర్వకంగా హెచ్చరించవచ్చు. కొన్నాళ్లు క్యాంపస్‌లోకి రావద్దనీ చెప్పొచ్చు. ల్యాబ్ బ్యాచ్ మార్చాలంటే అబ్బాయిది మార్చండి. అమ్మాయి తనంతట తను సెలవు అడిగితే ఇవ్వండి, ఆ రోజులకి అటెండెన్స్ మినహాయింపు నిబంధనల్లోనే ఉంది. ఇవన్నీ తీర్పు కాదు. వీటి వల్ల అతను దోషి అయిపోడు. కాబట్టి ఒకటి రెండు రోజుల్లో చేసినా ఎవరూ తప్పు పట్టరు.

రెండోది, సీసీటీవీ. కొద్ది రోజులకి పాత ఫుటేజీ మీద కొత్తది రికార్డయిపోతుంది. ఏ తేదీ, ఏ బ్లాకు, ఎన్నింటి నుంచి ఎన్నింటి వరకు భద్రపరచాలో సిస్టమ్ అడ్మిన్‌కి ఈ రాత్రే మెయిల్ పెట్టండి. నా అనుభవంలో ఇలాంటి కేసుల్లో సగం గొడవ ఫుటేజీ పోయిందనే దగ్గరే మొదలవుతుంది.

తీర్పు మాత్రం నిదానంగా, కాగితం మీద కాగితం పెట్టుకుంటూ రాయండి.

కృష్ణలంక | 11:58

మేడమ్ రాసింది చదివి ఏడుపొచ్చింది. మూడేళ్ల క్రితం నేను కంప్లైంట్ ఇచ్చినదాన్ని. ఎక్కడో చెప్పను.

నా కంప్లైంట్ విన్నది ప్రిన్సిపాల్ చాంబర్‌లో. అద్దాల తలుపు. బయట బెంచీ మీద వాడి బాబాయి కూర్చుని నన్నే చూస్తున్నాడు. నేను చెప్తుండగా అటెండరు టీ తెచ్చాడు, అందరికీ కప్పులు అందించి వెళ్లేదాకా నేను ఆగాను. వాడు చేసింది మళ్లీ ఎక్కడి నుంచి మొదలుపెట్టాలో తెలియలేదు. నేను తెలుగులో చెప్పింది ఆఫీస్ సూపరింటెండెంట్ ఇంగ్లీషులో టైప్ చేశాడు. చదివి వినిపించలేదు. చివరి పేజీ కింద వేలు పెట్టి చూపించి సంతకం పెట్టమన్నారు, మిగతా పేజీల మీద నా సంతకమే లేదు. తర్వాత కాపీ తెప్పించుకుని చూస్తే నేను చెప్పిన రెండో సంఘటన అందులో లేనే లేదు.

"పది రోజులు ఇంటికెళ్లిపోమ్మా, ఇక్కడ వేడి చల్లారనీ" అన్నారు. వెళ్లాను. సెమిస్టర్ చివర్లో అటెండెన్స్ 75 శాతం కంటే తగ్గిందని నా దగ్గరే కండోనేషన్ ఫీజు కట్టించుకున్నారు.

కాబట్టి గుంటూరు ఘాటు గారూ, పద్ధతి అనేది వాడి కోసం మాత్రమే అనుకోకండి. ప్రతి పేజీ మీద సంతకం తీసుకుని ఉంటే నా రెండో సంఘటన రికార్డులో ఉండేది.

గుంటూరు ఘాటు | శుక్రవారం ఉదయం 6:40

అక్కా, రాత్రంతా మీ పోస్టే గుర్తొస్తోంది. ఆ కోణంలో నేను ఆలోచించలేదు. కానీ ఒక్కటి అడుగుతాను. విచారణ అంటే క్రాస్ ఎగ్జామినేషన్ కూడా ఉంటుంది కదా. వాడో, వాడి తరఫు లాయరో ఎదురుగా కూర్చుని "ఆ రోజు ఏ డ్రెస్ వేసుకున్నావ్" అని అడిగితే ఏ అమ్మాయి తట్టుకుంటుంది? దాన్ని కూడా న్యాయం అంటారా?

బ్రాడీపేట లాయరు | 7:15

లాయర్లకి ఆ గదిలోకి ప్రవేశం లేదు. 2013 నాటి రూల్స్‌లో రూల్ 7 చెప్పింది అదే, ఏ పక్షానికీ లాయరు ఉండకూడదు. నా పొట్ట మీద కొట్టే రూలే గానీ మంచి రూలు.

ఎదురెదురుగా కూర్చోబెట్టి ప్రశ్నించనివ్వాలని కూడా ఎక్కడా లేదు. 1973లోనే సుప్రీంకోర్టు హీరానాథ్ మిశ్రా కేసులో తేల్చింది. రాంచీలోని రాజేంద్ర మెడికల్ కాలేజీలో రాత్రివేళ అమ్మాయిల హాస్టల్లోకి చొరబడ్డారని కొందరు విద్యార్థులను రెండేళ్లు బహిష్కరించారు. కమిటీ అమ్మాయిల వాంగ్మూలాలు అబ్బాయిలు లేనప్పుడు తీసుకుంది. అబ్బాయిల ఫోటోలు వేరే వాళ్ల ఫోటోల్లో కలిపి చూపించి గుర్తుపట్టమంది. తర్వాత ఆరోపణ ఏమిటో అబ్బాయిలకి చెప్పి, జవాబు రాయించుకుంది. మాకు క్రాస్ ఎగ్జామినేషన్ ఇవ్వలేదని వాళ్లు కోర్టుకెళితే, ఆ పరిస్థితిలో అమ్మాయిల పేర్లు దాచడం సబబే, సహజ న్యాయం, అంటే ఎదుటివాడి మాట కూడా వినాలన్న సూత్రం, అన్నిచోట్లా ఒకే కొలతలో ఉండదు అంది కోర్టు.

ఇప్పుడు చాలా కమిటీలు చేసే పద్ధతి ఏమిటంటే, అబ్బాయి తన ప్రశ్నలు కాగితం మీద రాసిస్తాడు. కమిటీ వాటిని చూసి, కేసుకి సంబంధం లేనివీ, అవమానించేవీ కొట్టేసి, మిగతావి అమ్మాయిని అడుగుతుంది. జవాబులు రికార్డు చేసి అతనికి చూపిస్తుంది. డ్రెస్ ప్రశ్న అక్కడే ఆగిపోతుంది. ఏ ప్రశ్న ఎందుకు కొట్టేశారో ఒక్క వాక్యం రాసి పెట్టుకోవాలి, రేపు కోర్టు అడిగితే చూపించాలి కదా.

తెనాలి అన్న | 8:30

నేను అవతలి వైపు వాడిని. అంటే మా తమ్ముడి మీద కంప్లైంట్ వచ్చింది, వేరే కాలేజీలో. ఇక్కడ రాయాలా వద్దా అని చాలాసేపు ఆలోచించాను.

రాత్రి 9 దాటాక వాట్సాప్‌లో మెసేజ్. "రేపు ఉదయం 10 గంటలకు తల్లిదండ్రులతో ప్రిన్సిపాల్ చాంబర్‌కి హాజరు కావలెను." ఎందుకో లేదు. నాన్న రాలేని పరిస్థితి, నేను వెళ్లాను. లోపల ఏడెనిమిది మంది. ఒకాయన మా వాడితో, "నువ్వేం చేశావో నీకు తెలుసు, మేం చెప్పక్కర్లేదు" అన్నారు. మా వాడు తెల్లమొహం వేశాడు. అది భయమో, దొరికిపోయిన మొహమో నాకు అర్థం కాలేదు. కంప్లైంట్ చూపించమంటే కాన్ఫిడెన్షియల్ అన్నారు. అపాలజీ లెటర్ రాస్తే ఇక్కడితో అయిపోతుంది, లేదంటే పోలీస్ స్టేషన్ అన్నారు. నేనే రాయమన్నాను. వాళ్లు చెబుతుంటే రాశాడు. నాలుగు రోజులకి ఆ లెటర్నే నేరం ఒప్పుకున్నట్టు పెట్టి టీసీ పంపారు. కండక్ట్ కాలమ్‌లో ఎర్ర ఇంకుతో "సంతృప్తికరం కాదు". దాంతో ఏ కాలేజీలోనూ సీటు ఇవ్వలేదు.

హైకోర్టుకి వెళ్లాం. నోటీసు లేదు, కాపీ లేదు కాబట్టి ఆర్డర్ కొట్టేసి మళ్లీ విచారించమన్నారు. అప్పటికి ఏడాది దాటింది. ఆ అమ్మాయి కోర్సు అయిపోయి బెంగళూరులో ఉద్యోగంలో చేరింది. ఇక రానని రాసిచ్చిందట. ఫైలు మూసేశారు.

మా బంధువులంతా "గెలిచారు" అంటారు. మా వాడు చేశాడో లేదో ఈ రోజుకీ నాకు తెలియదు. అడిగితే లేదంటాడు. ఆ అమ్మాయి ఏం రాసిందో నేను చదివుంటే, వీడు అక్కడ కూర్చుని జవాబు చెప్పుంటే నాకైనా తెలిసేది. అన్నగా నేను నమ్మాలో తిట్టాలో తెలియకుండా ఉండిపోయాను.

కృష్ణలంక | 8:52

తెనాలి అన్నా, ఇది రాయడం తేలిక కాదు. ఆ అమ్మాయి ఎందుకు రానందో నాకు అర్థమవుతుంది. ఒకసారి చెప్పడానికే చచ్చి బతుకుతాం. రెండోసారి చెప్పమంటే ఉద్యోగం చేసుకునే పిల్ల ఎందుకొస్తుంది?

సింగ్‌నగర్ | 9:10

అందరూ ఒకవైపే మాట్లాడుతున్నారు. ఈ రోజుల్లో బ్రేకప్ అయితే కంప్లైంట్, మార్కులు తగ్గితే కంప్లైంట్. తప్పుడు కంప్లైంట్ ఇచ్చినవాళ్లకి శిక్ష ఉండదా? రుజువు కాకపోతే అమ్మాయికే టీసీ ఇస్తామని ముందే చెప్పండి, నిజమైనవే వస్తాయి.

రిటైర్డ్ రీడర్ | 9:41

అలా చెబితే నిజమైనవి కూడా రావు నాయనా. చట్టంలో సెక్షన్ 14 ఉంది, కావాలని అబద్ధపు ఫిర్యాదు చేశారని, దొంగ కాగితాలు పెట్టారని విడిగా విచారించి తేలిస్తే చర్య ఉంటుంది. కానీ అదే సెక్షన్‌లో, కేవలం రుజువు చేయలేకపోయినంత మాత్రాన అది తప్పుడు ఫిర్యాదు కాదని కూడా రాశారు. ఇలాంటివి నలుగురి మధ్య జరగవు. సాక్షి లేకపోవడం ఇందులో మామూలే.

పైగా ఇది క్రిమినల్ కోర్టు కాదు, అనుమానానికి తావు లేకుండా రుజువు కావాలనడానికి. ఇద్దరి మాటలూ, మెసేజీలూ, ఆ తర్వాత వాళ్లు నడుచుకున్న తీరూ కలిపి చూసి, ఏది జరిగి ఉండటానికి ఎక్కువ అవకాశముందో కమిటీ తేలుస్తుంది. ఆ కొలత తక్కువ కాబట్టే పద్ధతి గట్టిగా ఉండాలంటాను నేను. లాయరు లేడు, పూర్తి రుజువు అక్కర్లేదు, పైగా కాపీ కూడా ఇవ్వం అంటే అవతలివాడికి ఇంక మిగిలిందేముంది?

ఇంకో మాట. నేను చూసిన కమిటీ మెంబర్లలో మగవాళ్లే కాదు, ఆడవాళ్లు కూడా "ఆ పిల్ల ముందు నుంచీ అంతే" అని మొదలుపెట్టేవారు. ఆ పిల్ల ఎలాంటిదో తేల్చడం మన పని కాదు. ఆ రోజు, ఆ చోట, అది జరిగిందా లేదా అన్నదే మన పని.

ఫైనలియర్ | 10:15

స్టూడెంట్ వైపు నుంచి ఒక మాట. మేడమ్స్, లాయరు గారు అందరూ రూల్స్ చెప్తున్నారు, మన దగ్గర కులం సంగతి ఎవరూ రాయట్లేదు. కంప్లైంట్ ఇచ్చిన రెండు గంటల్లో వాట్సాప్ గ్రూపులు రెడీ. "మనోడిని ఇరికించారు" అని ఒక గ్రూపు, "మన పిల్ల జోలికొచ్చారు" అని ఇంకో గ్రూపు. అసలు ఏం జరిగిందో ఎవరికీ అక్కర్లేదు. కమిటీలో ఎవరున్నారో చూసి, వాళ్ల ఇంటిపేర్లు చూసి, రిజల్ట్ ముందే చెప్పేస్తారు. కాలేజీ పెట్టిన కమిటీ మీద మాకు నమ్మకం లేకపోవడానికి కారణం అదే. అందుకే రోడ్డెక్కుతాం. 2024 ఆగస్టులో గుడ్లవల్లేరు హాస్టల్ కెమెరాల గొడవ గుర్తుందిగా. అర్ధరాత్రి వందల మంది బయటికొచ్చారు. తర్వాత పోలీసులు కెమెరాలేవీ దొరకలేదన్నారు. దొరికినా దొరక్కపోయినా, నమ్మదగ్గ మనిషి ఎవరైనా కాలేజీలో ఉండుంటే ఆ రాత్రి అలా ఉండేది కాదు.

బ్రాడీపేట లాయరు | 10:40

ఫైనలియర్ చెప్పింది చట్టం భాషలో పక్షపాతం. అసలు పక్షపాతం ఉండక్కర్లేదు, ఉందన్న సహేతుకమైన అనుమానం చాలు, కమిటీ పడిపోతుంది. కమిటీ మెంబరు అబ్బాయికో అమ్మాయికో బంధువు, ట్యూషన్ మాస్టరు, ఇంటి ఓనరు, వ్యాపారంలో పార్ట్‌నరు, ఏదైనా సరే, ముందే చెప్పి తప్పుకోవాలి. మొదటి మీటింగులోనే ప్రతి మెంబరూ "నాకు ఏ పక్షంతోనూ సంబంధం లేదు" అని సంతకం చేసిన కాగితం ఫైల్లో పెట్టండి.

కామర్స్ మేడమ్, మీ కమిటీలో ఇప్పుడు అసలు ఎవరెవరు ఉన్నారు?

కామర్స్ మేడమ్ | మధ్యాహ్నం 1:20

లంచ్‌లో రాస్తున్నాను. ప్రిసైడింగ్ ఆఫీసరు ఒక అసోసియేట్ ప్రొఫెసర్ మేడమ్. ఇద్దరు హెచ్‌ఓడీలు. నేను. బయటి మెంబరు అని ఒకాయన పేరుంది, కనుక్కుంటే కరస్పాండెంట్ గారి తోడల్లుడు. విద్యార్థులు ఎవరూ లేరు.

ఇంకో సంగతి. అమ్మాయి పుట్టినతేదీ ఎందుకో చూశాను. 18 నిండాయి.

బ్రాడీపేట లాయరు | 1:45

పుట్టినతేదీ చూడటం చాలా మంచి పని. డిగ్రీ ఫస్టియర్‌లో 17 ఏళ్ల పిల్లలు ఉంటారు. 18 నిండకపోతే అది పోక్సో, అంటే పిల్లలపై లైంగిక నేరాల చట్టం. సెక్షన్ 19 కింద పోలీసులకి చెప్పి తీరాలి, కాలేజీ తనలో తాను విచారించుకుంటూ కూర్చోవడానికి లేదు.

ఇక ఈ కమిటీతో విచారణ మొదలుపెట్టకండి. యూజీసీ నిబంధనల్లో వీసీ, రిజిస్ట్రార్, డీన్లు, విభాగాధిపతులు, అంటే మీ హెచ్‌ఓడీలు, ఈ కమిటీలో ఉండకూడదని స్పష్టంగా ఉంది. కావాల్సింది ఇది: కాలేజీ కాబట్టి అసోసియేట్ ప్రొఫెసర్‌కి తగ్గని మహిళ ప్రిసైడింగ్ ఆఫీసరు, ఇద్దరు టీచింగ్, ఇద్దరు నాన్ టీచింగ్, బయటి నుంచి మహిళా సమస్యల మీద పనిచేసే సంస్థ మనిషి. విద్యార్థుల వ్యవహారం కాబట్టి ఎన్నికైన ముగ్గురు విద్యార్థులు కూడా. సగం మందికి తక్కువ కాకుండా మహిళలు. బయటి మెంబరుకి రూల్స్ ప్రకారం రోజుకి 200 రూపాయలు, రానుపోను ఖర్చులు. ఆ 200కి ఎవరొస్తారని అడక్కండి, నిజంగా పనిచేసేవాళ్లు వస్తారు.

ప్రిన్సిపాల్ గారికి చెప్పాల్సిన మాట: ఈ కమిటీ ఇచ్చే రిపోర్టు ఎంత బాగా రాసినా మొదటి వాయిదాలోనే పోతుంది. కొత్త ఆర్డర్ ఇవ్వడానికి ఒక్క పూట చాలు.

గుంటూరు ఘాటు | 2:05

విద్యార్థులని పెడితే మర్నాటికి కాలేజీ అంతా తెలిసిపోదా?

ఫైనలియర్ | 2:09

సార్ వాళ్లు పెడితే స్టాఫ్‌రూమ్ అంతా తెలుస్తుంది. తేడా ఏముంది?

సింగ్‌నగర్ | 2:30

సరే, నేనూ ఒకటి అడుగుతాను, వెటకారం కాదు. ప్రతి చిన్న లోపానికీ కోర్టులు కొట్టేస్తే, ఏ కమిటీ రిపోర్టూ నిలబడదు కదా?

బ్రాడీపేట లాయరు | 3:10

మంచి ప్రశ్న. ప్రతి లోపానికీ కొట్టెయ్యవు. 2021లో ముద్రికా సింగ్ కేసులో, 2023 నవంబరులో దిలీప్ పాల్ కేసులో సుప్రీంకోర్టు హైకోర్టులనే మందలించింది, సాంకేతిక లోపాలు పట్టుకుని లైంగిక వేధింపుల విచారణలు రద్దు చేయొద్దని. దిలీప్ పాల్ కేసులో, కమిటీ తనే సాక్షులని ప్రశ్నలు అడగడం కూడా తప్పు కాదంది. తేదీ ఒకటి తప్పు పడిందనో, ఒక అనుబంధం చేర్చలేదనో విచారణ పోదు. ఆరోపణ తెలియకపోవడం, జవాబు చెప్పే అవకాశం లేకపోవడం, కమిటీలో ఉండకూడని మనిషి ఉండటం, ఈ మూడింటిలో ఏదున్నా నిలబెట్టడం కష్టం. కామర్స్ మేడమ్ కాలేజీలో శనివారం ప్లానులో మూడూ ఉన్నాయి.

గడువు విషయంలో మాత్రం చట్టం కఠినంగానే ఉంది. సంఘటన జరిగిన, లేదా చివరి సంఘటన జరిగిన 3 నెలల్లో ఫిర్యాదు ఇవ్వాలి. కారణం రాసి ఇంకో 3 నెలలు పొడిగించవచ్చు. కోల్‌కతాలోని ఒక లా యూనివర్సిటీ వీసీ మీద ఫిర్యాదు ఆ గడువు దాటిందని 2025 సెప్టెంబరులో సుప్రీంకోర్టు విచారణకి ఒప్పుకోలేదు. కానీ ఆ తీర్పుని ఆయన బయోడేటాలో భాగంగా ఉంచమంది. పోలీస్ దారి వేరే. ఇప్పుడు భారతీయ న్యాయ సంహిత (బీఎన్‌ఎస్) సెక్షన్ 75 కింద లైంగిక వేధింపుల కేసు పెట్టొచ్చు. అమ్మాయి పోలీసుల దగ్గరికి వెళ్తానంటే సాయం చేయాల్సిన బాధ్యత కూడా ఐసీసీదే. "ఇక్కడే తేల్చుకుందాం" అనకూడదు.

తెనాలి అన్న | 4:00

అపాలజీ లెటర్ సంగతి ఎవరూ చెప్పలేదు. రాజీ పెట్టొచ్చా?

రిటైర్డ్ రీడర్ | 4:35

రాజీ ఉంది. కానీ విచారణ మొదలుపెట్టక ముందు, ఫిర్యాదు చేసినామె తనంతట తను కోరితేనే. డబ్బుతో కుదరదు, అది స్పష్టంగా నిషేధించారు. పెద్దమనుషుల పంచాయితీలా ప్రిన్సిపాల్ గారు కూర్చోబెట్టి, బిస్కెట్లు పెట్టి, "ఇద్దరూ పిల్లలే" అని చేయించేది రాజీ కాదు. భయపెట్టి రాయించిన లెటర్‌కి విలువ లేదు. అబ్బాయి తప్పు ఒప్పుకుంటే ఒప్పుకున్న విషయం ఏమిటో అతని మాటల్లో, అతని చేత్తో, కంప్లైంట్ చదివాక, కమిటీ ముందు రాయాలి.

శిక్షల గురించీ ఒక మాట. టీసీ ఒక్కటే శిక్ష అనుకుంటారు మనవాళ్లు. అందుకే సాక్షులు కూడా "పాపం వాడి జీవితం పోతుంది" అని నోరు విప్పరు. నిబంధనల్లో మెట్లు ఉన్నాయి. లైబ్రరీ, హాస్టల్, స్కాలర్‌షిప్ లాంటి సౌకర్యాలు ఆపడం, కొంతకాలం క్యాంపస్‌లోకి రానివ్వకపోవడం, కౌన్సెలింగ్, సమాజ సేవ, తీవ్రమైనదైతే పేరు కొట్టేయడం. చేసిన దానికి తగ్గది వేస్తే అటు సాక్షులూ వస్తారు, ఇటు తీర్పూ నిలుస్తుంది.

2015 జూలైలో నాగార్జున వర్సిటీలో ఆర్కిటెక్చర్ విద్యార్థిని చనిపోయాక ప్రభుత్వం రిటైర్డ్ ఐఏఎస్ అధికారితో కమిటీ వేసింది. పిల్ల పోయాక వేసే కమిటీలు మనకి కొత్త కాదు. పిల్లలు బతికుండగా పనిచేసే కమిటీ కావాలని అప్పట్లో మేమంతా మాట్లాడుకున్నాం. ఆ మరుసటి ఏడాదే యూజీసీ నిబంధనలు వచ్చాయి. వచ్చి ఇన్నేళ్లయినా ఫ్లెక్సీ బోర్డు మీదే ఉంటే ఏమనాలి?

కామర్స్ మేడమ్ | శనివారం రాత్రి 8:15

అప్‌డేట్. నిన్న సాయంత్రం లాయరు గారు రాసింది దగ్గర పెట్టుకుని ప్రిన్సిపాల్ గారితో మాట్లాడాను. మొదట కోప్పడ్డారు. "నాక్ టీమ్ ముందు ఇదంతా ఏంటమ్మా" అన్నారు. రేపు రిట్ పడితే పేపర్లో కాలేజీ పేరు వస్తుంది, అప్పుడు నాక్ వాళ్లు కూడా చూస్తారు అన్నాను. కాసేపు ఫ్యాను వైపు చూస్తూ కూర్చుని, ఆఫీసు వ్యవహారాలు చూసే ఏఓ గారిని పిలిచారు. ఈరోజు మధ్యాహ్నం కొత్త కమిటీ ఆర్డర్ వచ్చింది. హెచ్‌ఓడీలు లేరు, తోడల్లుడు గారూ లేరు. విద్యార్థి సభ్యులకి ఎన్నిక బుధవారం. అమ్మాయి రాసిచ్చిన మేరకు అబ్బాయికి దూరంగా ఉండమని ఆర్డర్, ల్యాబ్ బ్యాచ్ మార్పు రెండూ అయ్యాయి. ఫుటేజీ పెన్‌డ్రైవ్‌లోకి తీయించి, కవరులో పెట్టి సీల్ వేయించాను.

టీసీ సంగతి మాత్రం ఆయన ఇంకా వదల్లేదు. "తొంభై రోజులు లాగకండి" అని రెండుసార్లు అన్నారు.

ఇప్పుడు నోటీసు డ్రాఫ్టు చేస్తున్నాను. రెండు అనుమానాలు. కంప్లైంట్ కాపీలో అమ్మాయి ఫోన్ నంబరు, హాస్టల్ రూమ్ నంబరు ఉన్నాయి, అలాగే ఇవ్వాలా? వాట్సాప్‌లో పంపితే చాలా?

బ్రాడీపేట లాయరు | 8:40

ఫోన్ నంబరు, రూమ్ నంబరు, ఇంటి అడ్రస్ నల్ల ఇంకుతో కొట్టేసి ఇవ్వండి, జవాబు చెప్పడానికి అతనికి అవి అక్కర్లేదు. తేదీ, చోటు, ఏం చేశాడన్నారు అన్నవి ఒక్క అక్షరం కూడా కొట్టెయ్యొద్దు. అందులో సాక్షుల పేర్లుంటే కమిటీలో కూర్చుని నిర్ణయించి, ఆ నిర్ణయం రాసుకోండి.

వాట్సాప్ ఒక్కటే సరిపోదు. చేతికిచ్చి తేదీతో సంతకం తీసుకోండి, తీసుకోనంటే స్పీడ్ పోస్టు. నోటీసులో ఈ మూడు తప్పకుండా రాయండి: జవాబు ఇవ్వడానికి 10 రోజుల గడువు ఏ తేదీతో ముగుస్తుందో, అతను తన సాక్షుల పేర్లు, కాగితాలు ఇవ్వొచ్చని, ఫిర్యాదు చేసినామెతో గానీ ఆమె స్నేహితులతో గానీ ఏ రకంగా మాట్లాడినా అది వేరే తప్పు అవుతుందని.

తెనాలి అన్న | 8:52

మేడమ్, ఇంకొకటి చేర్చండి. నోటీసు ఇచ్చేటప్పుడు ఇంట్లోవాళ్లకి కూడా ఒక కాపీ చదవడానికి ఇవ్వొచ్చా అని కమిటీని అడగండి. మైనర్ కాకపోయినా, ఆ పిల్లాడు ఇంట్లో చెప్పడు.

రిటైర్డ్ రీడర్ | 9:05

కాపీ అతని చేతికే ఇవ్వాలి. ఇంట్లో చూపించాలా వద్దా అన్నది అతనిష్టం. కానీ పెద్దవాళ్లు ఒకరిని తోడు తెచ్చుకుని బయట కూర్చోబెట్టుకోవచ్చని నోటీసులో రాయండి. అమ్మాయికీ అదే రాయండి, ఆమెకి వేరే గది, వేరే టైము ఇవ్వండి. ఇద్దరూ మెట్ల దగ్గర ఎదురుపడకుండా మధ్యలో కనీసం గంట తేడా ఉండాలి. అటెండరుని ఆ పూటకి టీ తేవొద్దని చెప్పండి.